ఆర్సియా కొండ నాడి

పెళ్లిలో తలంబ్రాలు కిందపడడానికి చాలాసేపు పట్టింది. భూమ్మీద తూగే బరువులో మూడో వంతు కంటే కొంచెం ఎక్కువ, అంతే, అంగారకుడి మీద ఏ వస్తువైనా తూగేది. పైకి పోసిన బియ్యం తొందరేమీ లేనట్టు దిగుతాయి. సుమేధ దోసిలెత్తి పోస్తే ఆ పసుపు గింజలు భోజనాల హాలు కప్పును ముట్టుకుని, ప్రభంజన్ కనుబొమల మీదికి ఒక్కొక్కటిగా వచ్చి కూర్చున్నాయి.

"నువ్వు ఆగు బావా, అప్పుడే పోయకు! చెల్లెమ్మ పోసినవే ఇంకా సగం గాల్లో ఉన్నాయి," అని అరిచాడు డ్రిల్లు నడిపే ఇమ్మాన్యుయేల్.

పెళ్లయ్యాక అందరూ నేల మీద చేరి గింజగింజా ఏరారు. బియ్యం ఓడలో రావాలి. పారబోసుకునే స్థోమత అక్కడ ఎవరికీ లేదు. మర్నాడు అవే పులిహోర అయ్యాయి. తన పెళ్లి తలంబ్రాలు తనే తిన్న పెళ్లికూతురు సౌరకుటుంబం మొత్తంలో తనొక్కతే అయి ఉంటుందని సుమేధ ఆ వారమంతా తలచుకుని నవ్వుకుంది.

వాళ్ళుండేది ఆర్సియా అగ్నిపర్వతం లోపల. ఎప్పుడో లావా ఏరులా పారి, పైన గడ్డకట్టి, లోపలిది కారిపోగా మిగిలిన పొడవాటి సొరంగం అది. బయటికి వెళ్ళి చూస్తే కొండ కనబడదు. బోర్లించిన డాలులా అంత విశాలంగా, అంత వాలుగా ఉంటుంది కాబట్టి ఎంతసేపు నడిచినా మైదానంలో ఉన్నట్టే ఉంటుంది. సుమేధ కొత్తగా వచ్చినప్పుడు "కొండ ఎక్కడుందండీ?" అని అడిగితే, బృందానికి పెద్దయిన భ్రమరాంబ గారు ఆమెను వంటగదికి తీసుకువెళ్ళి పెనం చూపించింది.

"అట్టు పోస్తే ఎలా పరుచుకుంటుంది? పల్చగా, దూరంగా. ఈ లావా కూడా అలాంటి పిండే. భూమ్మీద ఇలాంటి కొండలు ఇంత పెరగవు. పొయ్యి ఉన్నచోటే ఉంటుంది గానీ పైన పెనం జరుగుతూ పోతుంది. అట్లు పక్కపక్కన పడతాయి. ఇక్కడ పెనం కదల్లేదమ్మాయ్. ఒకేచోట అట్టు మీద అట్టు, కోట్ల ఏళ్ళు. మన తెలుగు నేలలో సగం దీని కిందికి వస్తుంది."

"మరి కింద పొయ్యి ఆరిపోయిందా, ఇంకా నిప్పుందా?"

"అది తేల్చుకోకుండా ఇంటికి ఎలా పోతాను?" అని భ్రమరాంబ గారు నవ్వింది.

ఆవిడ వచ్చి ఆరేళ్ళయింది. రెండేళ్ళకోసారి రెండు గ్రహాలూ ప్రయాణానికి అనువైన చోట్లకు వచ్చినప్పుడు తిరుగు ఓడ బయలుదేరుతుంది. రెండుసార్లు ఆవిడ సీటు వదులుకుంది. హనుమకొండలో ఆవిడ భర్త రాజలింగం గారు రెండుసార్లూ "సరే, పని చూసుకో" అన్నాడు. ఈసారి మాత్రం వెళ్తున్నానని ఆవిడ అందరికీ చెప్పింది. పెట్టె కూడా సర్దుకుంది.

పొయ్యి సంగతి తేల్చడానికి ఆవిడ కనిపెట్టిందే చెవితీగ. వెంట్రుకంత సన్నని గాజు తీగను సొరంగం పొడవునా కప్పుకు అంటించి, రెండు కొసల్లోనూ బోల్టులతో బిగించి, అందులో కాంతిని పంపుతారు. రాయి పిసరంత సాగినా తీగ సాగుతుంది, లోపలి కాంతి తడబడుతుంది. దగ్గర్లో ఏదైనా అలికిడి అయితే తీగలో ఆ చోటు ముందు ఉలిక్కిపడుతుంది. అలికిడి అడుగున చాలా లోతు నుంచి వస్తే తీగ మొత్తం ఒక్కసారే కదులుతుంది. అలాంటి కదలిక కోసమే ఆరేళ్ళుగా ఎదురుచూపు.

చిక్కేమిటంటే ఆ తీగ అన్నీ వింటుంది. పంపుల రొద, చెప్పుల చప్పుడు, గురకలు, అన్నీ. వాటిని ఒక్కొక్కటిగా గుర్తుపట్టి తీసేయడం సుమేధ ఉద్యోగం. సొరంగంలో కదిలే వస్తువు ఏది కొత్తగా పెట్టినా ముందు తీగకు వినిపించాలని నియమం. దాని యజమాని కాసేపు దాన్ని ఆడిస్తూ ఉంటే, తెర ముందు సుమేధా ఇంకొకరూ కూర్చుని చూసి, ఆ చప్పుడును పక్కకు తీసిపెడతారు. ఎవరు నిద్రలో కాళ్ళాడిస్తారో, ఎవరు తలుపు వేసుకుని ఒంటరిగా డాన్సు చేస్తారో ఆమెకు తెలుసు. ఎవరితోనూ అనేది కాదు.

కొత్త జంటకు సొరంగం చిట్టచివర ఉన్న సామాన్ల గది ఇచ్చారు. "దూరంగా ఉంటే మాకూ ప్రశాంతం, మీకూ ప్రశాంతం," అని ఇమ్మాన్యుయేల్ తాళం చేతిలో పెట్టాడు. గదికి కిటికీ లేదు, అలమరా లేదు. కప్పుకు మాత్రం దిట్టమైన బోల్టు ఒకటి ఉంది. గాలి గొట్టాలు బాగుచేసే ప్రభంజన్ కంటికి అలాంటివి ముందు పడతాయి. పాత పారాచూట్ తాళ్ళూ, సామాన్ల పెట్టె నుంచి ఊడదీసిన బల్లా తెచ్చి, రెండు సాయంత్రాల్లో ఉయ్యాల కట్టేశాడు.

సుమేధ చప్పట్లు కొట్టింది. కాకినాడలో వాళ్ళింట్లో ఉయ్యాల మీదే అందరూ కాఫీ తాగుతారని అతను ఎన్నోసార్లు చెప్పాడు. కానీ ఈ ఉయ్యాల వేరు. ఇక్కడి బరువుకి అది ఎంత నిదానంగా ఊగుతుందంటే, ఈ చివర మొదలుపెట్టిన మాట ఆ చివరికి చేరేలోగా పూర్తి చేసి, మధ్యలో ఒక గుటక టీ కూడా తాగొచ్చు.

"దీన్ని తీగకు వినిపించాలేమో," అంది సుమేధ, అతని భుజం మీద తల పెట్టుకుని.

"అంటే మనం ఊగుతూ ఉంటే ఇమ్మాన్యుయేల్ తెర ముందు కూర్చుని చూస్తాడా?"

"ఛీ!"

"ఏం చెల్లెమ్మా, ఉయ్యాల ఇవాళ త్వరగా ఆగిందేం అని రేపు హాల్లో అడుగుతాడు."

"చాల్లే నోరుముయ్యి." ఆమె చెవుల దాకా ఎర్రబడింది. అందరి చప్పుళ్ళూ తను వినొచ్చు గానీ తమ చప్పుడు ఎవరూ వినకూడదనిపించింది. "అయినా ఇంత మెల్లగా ఊగేది ఏం వినబడుతుంది?"

ఆ మాట తన చదువుకి తగదని ఆ నిమిషంలో తోచలేదు.

*

నెల తిరగకముందే భ్రమరాంబ గారు తెర దగ్గర నిలబడి సుమేధను పిలిచింది. ఆవిడ గొంతు ఎప్పటిలా లేదు.

తెర మీద గీత మెల్లగా లేచి, మెల్లగా దిగుతోంది. మళ్ళీ లేస్తోంది. నిద్రపోయే పెద్ద జంతువు ఊపిరిలా. తీగ మొత్తం ఒక్కసారే కదులుతోంది.

"కొంతకాలంగా వస్తోంది. సాయంత్రాలు మాత్రమే. పొద్దుగూకగానే పైన రాయి చల్లబడి ముడుచుకుంటుంది కదా, ఆ ఒత్తిడి కింద ఉన్నదాన్ని నొక్కుతోందనుకుంటా. కరిగిన రాయి ఉంటేనే ఇలా కదులుతుంది, అమ్మాయ్." ఆవిడ సుమేధ మణికట్టు పట్టుకుంది. "మనుషుల చప్పుడు కాదు కదా? అన్నీ తీసేశావు కదా?"

"అన్నీ తీసేశానండీ."

"ఒట్టు?"

"మీ మీదొట్టు మేడమ్. మనుషుల చప్పుళ్ళు ఇంత నిదానంగా ఉండవు." సుమేధకు కూడా కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఆవిడ ఆరేళ్ళు ఎదురుచూసిన దాన్ని పక్కన నిలబడి చూస్తున్నందుకు.

ఆ పూట హాల్లో పాయసం వండారు. ఆర్సియాకు నాడి ఉందని భ్రమరాంబ గారు అందరి ముందూ చెప్పి, అదే మాట భూమికి పంపింది. అక్కడ జనం కొండకు పుట్టినరోజు పాటలు పాడారట. ఇమ్మాన్యుయేల్ తన డ్రిల్లును లోతుగా తవ్వేందుకు కొండ మీదికి చేర్చడానికి ఏర్పాట్లు మొదలుపెట్టాడు. ఆవిడ ఓడ సీటు వద్దని చెప్పేసింది. సీటు ఎవరూ అడగలేదు కాబట్టి ఖాళీగానే ఉంది.

"మరి రాజలింగం గారో?" అని వంటావిడ అడిగితే, "ఆయన సరే అన్నాడు," అంది భ్రమరాంబ గారు, పాయసంలో గరిటె తిప్పుతూ.

ఆ రోజు సుమేధా ప్రభంజన్ సంతోషం పట్టలేక చాలాసేపు ఉయ్యాల ఊగారు.

*

ఓడ బయలుదేరడానికి రెండు రోజులుందనగా సుమేధకు సెలవు దొరికింది. ప్రభంజన్ గాలి గొట్టం బిగించడానికి వెళ్ళాడు. ఆమె తడి జుట్టు విరబోసుకుని, ఉయ్యాల మీద కాళ్ళు చాపి, తీగ గీత కనబడే చేతి పలకను ఒళ్ళో పెట్టుకుని కొండ నాడి చూడబోయింది. మధ్యాహ్నం కాబట్టి గీత తిన్నగా ఉంది. కాలి బొటనవేలితో నేలను తన్నింది. ఉయ్యాల కదిలింది.

గీత లేచింది.

"అరె, పగలు కూడా వస్తోందే!" అని మురిసిపోయింది. ఉయ్యాల వెనక్కి వెళ్ళింది, గీత దిగింది. ముందుకు వచ్చింది, గీత లేచింది. ఆమె రెండు కాళ్ళూ నేలకు ఆనించి ఆపేసింది. కొద్దిసేపు చూసింది. గీత చిన్నదై, ఇంకా చిన్నదై, పడుకుంది.

మళ్ళీ తన్నింది.

మళ్ళీ లేచింది.

తలెత్తి కప్పులోని బోల్టు వైపు చూసింది. దాని వెనక రాతి పగులులోకి సన్నగా, తళుక్కుమంటూ ఒక గాజు పోగు దూరి పోతోంది. తీగ చివరి కొసను బిగించిన బోల్టు అది. కొస లాగితే తీగ మొత్తం ఒక్కసారే సాగుతుంది. లోతు నుంచి వచ్చినట్టే కనబడుతుంది. ఈ సంగతి ఆ సొరంగంలో అందరికంటే బాగా తెలియాల్సింది తనకే.

ఒంట్లో నెత్తురంతా మొహంలోకి వచ్చినట్టయింది. గదిలో ఎవరూ లేరు. అయినా తువ్వాలు తీసుకుని మొహం కప్పుకుంది.

ప్రభంజన్ వచ్చేసరికి ఉయ్యాల కింద నేల మీద కూర్చుని ఉంది. చెప్తే అతను ముందు పగలబడి నవ్వాడు. "భూలోకమంతా పాటలు పాడింది మన ఉయ్యాలకా?" అని ఆమె మొహం చూసి ఆగిపోయాడు.

"విప్పేద్దాం," అన్నాడు. "కొండ మళ్ళీ పడుకుందనుకుంటారు. అలా జరుగుతుంది కదా? ఎవరికి నష్టం?"

ఆ మాట ఎంత హాయిగా వినబడిందంటే సుమేధ లేచి తాడు ముడి మీద చెయ్యి కూడా వేసింది. ముడి బిగువుగా ఉంది. విప్పుతూ ఉండగా గోరు విరిగింది.

"ఆవిడ ఓడ ఎక్కడం లేదు ప్రభా."

అతను కదులుతున్న బల్లను చేత్తో పట్టి ఆపాడు.

"మన ఉయ్యాల కోసం ఆవిడ ఇంటికి వెళ్ళడం లేదు. ఒట్టు వేశాను నేను. ఆవిడ మీదే వేశాను."

"నేను వెళ్ళి చెప్పనా?"

"నువ్వు చెప్తే ఇంకా ఘోరంగా ఉంటుంది. నేనే వెళ్తాను. నువ్వు దాన్ని విప్పకు."

*

భ్రమరాంబ గారు పెట్టెలోని బట్టలు తిరిగి అరలో సర్దుకుంటోంది. సుమేధను చూడగానే మంచం మీద చోటు చేసింది.

"మంచి సమయానికి వచ్చావు. ఇదిగో, మాగాయ. ప్రయాణంలో తిందామని దాచాను, ఇక అక్కర్లేదుగా. కొత్త కాపురం, మీరు తినండి. అతనికి కారం పడుతుందా?"

"పడుతుందండీ."

"నీకేమైంది, జ్వరమా? మొహం అలా ఉంది?"

"లేదండీ," అంది సుమేధ. సీసా పుచ్చుకుంది. థాంక్స్ కూడా చెప్పింది. బయటికి వచ్చి తలుపు మూసింది. నడవాలో నాలుగడుగులు వేశాక, చేతిలో ఆవిడ ఊరగాయ సీసా చల్లగా, బరువుగా తగిలింది. అక్కడ ఏదీ బరువుగా ఉండదు, అయినా. గోడకు జారబడి నిలబడింది. ఎవరో అటుగా వెళ్తూ "కొండ ఎలా ఉంది సుమేధా?" అని పలకరించారు. "బాగుంది," అంది. ఆ మాట అన్నాక ఇక అక్కడ నిలబడలేక వెనక్కి తిరిగి, తలుపు తట్టకుండా లోపలికి వెళ్ళిపోయింది.

"మేడమ్, అది కొండ కాదు. మా ఉయ్యాల."

భ్రమరాంబ గారికి అర్థం కాలేదు. సుమేధ మొత్తం చెప్పింది. బోల్టు, తాళ్ళు, తీగకు ఎందుకు వినిపించలేదో. ఆ ఆఖరు ముక్క చెప్పడమే అన్నిటికంటే కష్టమైంది. తల ఎత్తలేక మాగాయ సీసా మూతతో మాట్లాడినట్టు చెప్పింది.

ఆవిడ కోప్పడలేదు. "పద, చూపించు," అంది.

గదికి వెళ్ళాక ప్రభంజన్ గోడ వారగా నిలబడ్డాడు. భ్రమరాంబ గారు ఉయ్యాల బల్ల మీద చెయ్యి వేసి చూసి, చీర కుచ్చిళ్ళు సర్దుకుని కూర్చుంది. పలక సుమేధ చేతికిచ్చింది. కాలితో నేలను నెట్టింది.

"లేచిందా?"

"లేచిందండీ."

"ఇప్పుడు?"

"దిగింది."

ఆవిడ కళ్ళు మూసుకుని ఇంకా కొన్నిసార్లు ఊగింది. "లేచింది", "దిగింది" అని సుమేధ చెప్తూనే ఉంది. ప్రతిసారీ ఎవరో తనను చెంప మీద కొడుతున్నట్టు ఉంది. చివరికి ఆవిడ కాళ్ళు ఆనించి ఆపి, "బాగుంది," అంది. ఉయ్యాల గురించో, పరీక్ష గురించో తెలియలేదు.

"క్షమించమని అడగడానికి కూడా నాకు మొహం లేదండీ."

"నీకే అనుకుంటున్నావా?" భ్రమరాంబ గారు బల్ల మీద నుంచి లేవలేదు. "సాయంత్రాలు మాత్రమే వచ్చే సంకేతం కనబడితే ముందు మనుషులను అనుమానించమని ఎంతమంది పిల్లలకు పాఠం చెప్పాను! గది గదికీ వెళ్ళి వెతకాల్సింది. వెతకలేదు. నిన్ను ఒక్కదాన్ని ఒక్క మాట అడిగాను, నువ్వు ఒట్టు అన్నావు, నాకు అంతే చాలు. ఎందుకు చాలో నువ్వు అడగవేం?"

ఆవిడే చెప్పింది.

"పెట్టె సర్దుకున్న రోజు నుంచీ నాకు నిద్ర లేదు. ఆరేళ్ళు. ఆయన పక్కన కూర్చుని ఏం మాట్లాడాలి? ఆయనకు ఇప్పుడు టీలో చక్కెర ఎంత? నాకు తెలియదు. ఈ గీత కనబడగానే కొండకు ప్రాణం ఉందని సంతోషించానని అందరూ అనుకున్నారు. వెళ్ళక్కర్లేదని సంతోషించాను అమ్మాయ్. ముందు అదే. కొండ తరవాత." ఆవిడ ఉయ్యాల తాడు పట్టుకుంది. "నీది పెళ్లయిన కొత్త సిగ్గు. నవ్వుకుంటారు, పోతుంది. నాది ఎవరికి చెప్పుకోను?"

ప్రభంజన్ తలుపు తీసుకుని మెల్లగా బయటికి వెళ్ళిపోయాడు. సుమేధ వెళ్ళి ఆవిడ పక్కన, ఉయ్యాల అంచు మీద కూర్చుంది. ఇద్దరూ కాళ్ళు నేలకు గట్టిగా ఆనించి, అది కదలకుండా పట్టుకున్నారు.

*

"హాల్లో చెప్పిన మాట హాల్లోనే దిద్దాలి," అంది భ్రమరాంబ గారు. మర్నాడు భోజనాల వేళ అందరి ముందూ నిలబడింది. కొండకు నాడి లేదనీ, తను సరిగ్గా పరీక్షించలేదనీ చెప్పింది. భూమికి కూడా అలాగే పంపానంది. ఎవరి చప్పుడో చెప్పలేదు. చెప్పకుండా కూర్చోబోయింది.

సుమేధ లేచింది. ప్రభంజన్ ఆమె కంటే ముందే లేచాడు.

"అది మా గదిలో ఉయ్యాల," అంది. "మేమిద్దరం ఊగాం. తీగకు వినిపించాల్సింది. సిగ్గుపడి వినిపించలేదు. మనుషుల చప్పుడు కాదని ఒట్టు వేసింది కూడా నేనే."

ఎవరో ఫక్కున నవ్వి, పక్కవాళ్ళ మొహాలు చూసి మానుకున్నారు. సుమేధ ఇమ్మాన్యుయేల్ వైపు చూసింది. ఏదో ఒక వేళాకోళం ఆడితే బాగుండుననుకుంది. అప్పటికి మూడు వారాలుగా అతనూ అతని మనుషులూ రాళ్ళలో పడి డ్రిల్లును కొండ మీదికి లాగుతున్నారు. అతను కంచంలోకే చూస్తూ అన్నం కలుపుకున్నాడు. ఆ అన్నం కలిపే చెయ్యి మీద కొత్త గాయాలకు పట్టీలున్నాయి.

*

ఓడ దగ్గరికి మనుషులను తీసుకువెళ్ళే బండి సొరంగం నోటి దగ్గర ఆగి ఉంది. భ్రమరాంబ గారి పెట్టెను ప్రభంజన్ లోపల పెట్టాడు. ఆవిడ ఎక్కలేదు. చేతిలో పలక పట్టుకుని నిలబడింది.

"పొద్దున ఆయనకు మాట పంపాను," అంది సుమేధతో. "మొత్తం చెప్పేశాను. కొండ వల్ల కాదు, భయమేసి ఆగిపోయాననీ, ఇప్పుడు వస్తున్నాననీ. రెండుసార్లు వదులుకున్నది కూడా పూర్తిగా పని కోసం కాదని చెప్పాను. జవాబు వచ్చింది. వినడానికి ధైర్యం చాలట్లేదు. నువ్వు చప్పుళ్ళు వినేదానివి కదా, నువ్వు విను. బాగాలేకపోతే నాకు చెప్పకు."

"అలా ఎలాగండీ?"

"అయితే ఇద్దరం విందాం."

మీట నొక్కింది. గొంతు సవరించుకున్న చప్పుడు. తరవాత రాజలింగం గారి గొంతు, పాఠం అప్పజెప్పే పిల్లవాడిలా.

"భ్రమరా, విన్న. రెండుసార్లు విన్న. నువ్వు చెప్పినవు కాబట్టి నేను గూడ చెప్పాలె. నీ చదువుకునే గది ఉంది చూడు, అండ్ల నేను పుట్టగొడుగులు పెంచుతున్న. నీ పుస్తకాలన్నీ డబ్బాలల్ల పెట్టి మంచం కింద తోసిన. గది నిండా సంచులే, గోడల మీద తడి. నువ్వు ఓడ ఎక్కుతున్నవంటే గుండె దడ పుట్టేది, ఇది ఎట్ల చెప్పాలె అని. నువ్వు రానన్నప్పుడల్ల, సిగ్గు విడిచి చెప్తున్న, హమ్మయ్య అనుకున్న. రెండుసార్లు అనుకున్న. మూడోసారి గూడ అనుకున్న." ఊపిరి తీసుకున్న చప్పుడు. "రా. గది వాసన పోదు గానీ, రా."

మాట అయిపోయింది. భ్రమరాంబ గారు కదల్లేదు. బండి నడిపే అమ్మాయి "ఎక్కాలండీ, తలుపు మూసేస్తాం," అంది.

"ఒక్క నిమిషం."

ఆవిడ కొంగుతో మొహం తుడుచుకుంది. ఇక్కడి మాట భూమికి చేరి జవాబు రావాలంటే అరగంట పైనే పడుతుంది. అప్పటికి తలుపు మూసుకుని ఉంటుంది, బండి కొండ దిగుతూ ఉంటుంది. అది తెలిసే ఆవిడ పలకను మూతి దగ్గరికి తెచ్చుకుని, మీట నొక్కి అడిగింది.

"ఏ రకం పుట్టగొడుగులు?"